ఆరువందల పద్నాలుగో బిళ్ళ

కోలారు బంగారు గనుల దగ్గరి ఆండర్సన్‌పేటలో ముత్యాలప్ప ఇల్లెక్కడ అని అడిగితే ఎవరైనా ముందు ఓ నవ్వు నవ్వి, తర్వాతే దారి చూపిస్తారు. "రాకెట్ ముత్యాలప్పా? ఆ మలుపులో నీలం తలుపు." పేరు విని ఆయనేదో ఆకాశంలో తిరిగొచ్చాడనుకునేరు! విమానం మాట దేవుడెరుగు, రెండంతస్తుల మేడెక్కితేనే కళ్ళు తిరిగే మనిషి. ఆ మాటకొస్తే బంగారు గనిలో ముప్పై ఒక్క ఏళ్ళు ఉద్యోగం చేసి ఒక్కనాడైనా భూమి లోపలికి దిగలేదు. పైకీ పోక, కిందికీ పోక, మధ్యలో కూర్చుని పోయేవాళ్ళనూ వచ్చేవాళ్ళనూ లెక్కపెట్టడమే ఆయన పని.

ఆయనది ల్యాంపు రూము. గనిలోకి నిలువుగా దిగే బావిలాంటి షాఫ్టు పక్కన పొడుగాటి గది, గోడ నిండా నంబర్లు వేసిన కొక్కేలు. గనిలోకి దిగే ప్రతి మనిషికీ ఒక ఇత్తడి బిళ్ళ, దాని మీద అతని నంబరు ఉండేవి. ఆ బిళ్ళ ముత్యాలప్పకు ఇచ్చి, తలకు కట్టుకునే దీపం తీసుకుని, కేజ్ అనే ఇనుప పెట్టెలో ఎక్కి దిగాలి. బిళ్ళ కొక్కేనికి వేలాడుతూ ఉంటుంది. షిఫ్టు అయ్యాక పైకి వచ్చినవాడు దీపం అప్పగిస్తే ముత్యాలప్ప నంబరూ పేరూ గొంతెత్తి పిలిచి, చివర "వచ్చినాడు" అని చేర్చి, బిళ్ళ అతని చేతిలో పెడతాడు. ఆ కేక గేటు బయటికి వినపడాలి. ఎందుకంటే అక్కడ ఆడవాళ్ళు నిలబడి ఉంటారు. తమవాడి పేరు చెవిన పడ్డాక గానీ ఇంటికి పోయి ఎసరు పెట్టేవాళ్ళు కాదు.

రానివాడికి కేక లేదు. బిళ్ళ అలా కొక్కేనికి ఉండిపోతుంది, అంతే. ఎంత పెద్ద ఇంజనీరైనా ఆ గోడ చూశాకే మాట్లాడేవాడు. బిళ్ళ ఉంటే మనిషి కింద ఉన్నాడు, లేకపోతే లేడు. అందుకే ఎవరి బిళ్ళ వారి చేతికే ఇవ్వాలని రూలు. రాసిన రూలు కాదు, రాసినదానికంటే గట్టిది.

రెండువేల ఒకటిలో గని మూతపడింది. అందరూ అప్పగించిన బిళ్ళలన్నీ పాత ఇత్తడి కింద మూటగట్టుకుపోయారు. ముత్యాలప్ప బతిమాలుకుని ఓ గుప్పెడు ఇంటికి తెచ్చుకున్నాడు. కొందరు గని నుంచి దగ్గు తెచ్చుకున్నారు, ఈయన బిళ్ళలు తెచ్చుకున్నాడు, పోనీలెమ్మని ఊరుకుంది భార్య జయలక్ష్మమ్మ.

రెండువేల మూడు ఫిబ్రవరి ఒకటి, శనివారం. సాయంత్రం ఆర్థర్ ఇంట్లో టీవీ ముందు కూర్చున్నారు ఇద్దరూ. ఆర్థర్ షాఫ్టులో కేజ్‌ను ఎత్తి దించే ఇంజన్ నడిపినవాడు, ముత్యాలప్పకు పాతికేళ్ళ స్నేహితుడు. ఆయన కూతురు ఫ్లోరా బడిలో టీచరు. అమెరికా రాకెట్‌లో పోయి ఆకాశంలో పదహారు రోజులు తిరిగిన ఏడుగురు ఆ సాయంత్రం దిగుతున్నారనీ, అందులో కర్నాల్‌లో పుట్టిన మన అమ్మాయి ఉందనీ ఆమే పిలిచి కూర్చోబెట్టింది.

"ఎన్ని గంటలకు దిగాల?" అన్నాడు ముత్యాలప్ప.

"మన టైముకు ఏడూ నలభై ఆరంట."

ఏడూ నలభై ఆరయింది. యాభై అయింది. టీవీలో ఖాళీ నేల ఒకటి చూపిస్తున్నారు, మాట్లాడేవాళ్ళ గొంతులు మారుతున్నాయి. ఆర్థర్‌కు అర్థం కాలేదు గానీ ముత్యాలప్పకు అర్థమైంది. వేళకు రాని మనిషి కోసం చూసే చూపు ఆయనకు కొత్త కాదు. కుర్చీలోంచి లేచి నిలబడ్డాడు, ల్యాంపు రూములో నిలబడ్డట్టే.

"వాళ్ళ బిళ్ళలు యాడుండాయి?"

"ఏం మాట్లాడతావప్పా? రాకెట్‌కు బిళ్ళలేంది, అదేమన్నా మన షాఫ్టా?" అన్నాడు ఆర్థర్.

కాసేపటికి ఆకాశంలో తెల్లటి గీతలు విడివిడిగా రాలిపోవడం చూపించారు. ఫ్లోరా నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. ఆ తర్వాత ఏడు పేర్లూ వచ్చాయి, ఆమె ఒక్కొక్కటీ చదివింది. హస్బెండ్, మెకూల్, ఆండర్సన్, బ్రౌన్, చావ్లా, క్లార్క్, రామోన్. ఆండర్సన్ పేరు రాగానే "ఆండర్సనా? మన పేటోడేమో" అనేశాడు ఆర్థర్, నోటికి ఊరుకోవడం ఎప్పుడు తెలుసు గనక! అని తనే తల దించుకున్నాడు.

మర్నాడు ముత్యాలప్ప ఒక చెక్క పలక తీసుకుని ఏడు మేకులు కొట్టి, ఏడు బిళ్ళలు తగిలించి, వీధి వరండాలో వేలాడదీశాడు. ఒక్కో బిళ్ళ కింద ఒక్కో పేరు ఫ్లోరా చేత రాయించాడు. చూసినవాళ్ళు ఆగి నవ్వారు. "ఏమప్పా, అమెరికావోళ్ళు నీకు డ్యూటీ ఇచ్చినారా?" అని ఎగతాళి చేశారు. రాకెట్ పేరు అప్పుడు పుట్టిందే.

"నవ్వుకోండప్పా," అన్నాడాయన. "దిగినోడు ఎక్కలేదు, ఎక్కినోడు దిగలేదు. లెక్క లెక్కే కదా."

రోజూ పేపరు వచ్చిన వెంటనే ఫ్లోరా చేత చదివించుకునేవాడు. వాళ్ళ కోసం అక్కడ వేలమంది వెతుకుతున్నారు. చేతికి చెయ్యి తగిలేంత దగ్గరగా వరసలు కట్టి, అడవుల్లో, ముళ్ళ పొదల్లో, పశువుల మేతబీళ్ళలో, వానలో కూడా అడుగడుగూ నడిచి వెతుకుతున్నారు. గోరంత ముక్క దొరికినా జెండా పాతి గుర్తు పెడుతున్నారు. చివరికి ఒకరోజు ఫ్లోరా చెప్పింది, ఏడుగురి ఆనవాళ్ళూ దొరికాయని. ముత్యాలప్ప స్నానం చేసి వచ్చి పలక ముందు నిలబడి ఒక్కో పేరూ పిలిచాడు. "వచ్చినాడు" అని ఐదుసార్లు, "వచ్చినాది" అని రెండుసార్లు. పిలిచి ఒక్కో బిళ్ళా దించాడు. ఎదురింటివాళ్ళు తలుపు సందుల్లోంచి చూశారు. ఇక ఏటా ఫిబ్రవరి ఒకటిన బిళ్ళలు తగిలించడం, పేర్లు పిలవడం, దించడం మామూలైపోయింది.

ఎక్కడి మనుషుల కోసమో ఇంత బాధపడుతున్నాడే, ఎంత మెత్తటి గుండె అనుకుంది పేట. పేటదేముంది, వరండా చూసి మాట్లాడుతుంది. లోపల ఇనప్పెట్టెలో, ఒక పాత బనీనులో చుట్టి, ఇంకో బిళ్ళ ఉంది. దాని నంబరు ఆరువందల పద్నాలుగు. ఆ సంగతి జయలక్ష్మమ్మకు కూడా తెలియదు.

ఎనభై ఎనిమిదిలో జరిగింది అది. పగటి షిఫ్టు అయిపోయి ల్యాంపు రూము ముందు పెద్ద వరస. అందులో ఆంజినప్ప రెండు దీపాలు పట్టుకుని నిలబడ్డాడు. ఒకటి తనది, రెండోది తన జతగాడు దొడ్డమునియప్పది.

"అన్న దీపం ఆరిపోయిందప్పా. పక్క గ్యాంగోళ్ళ వెలుతురులో ఎనక కేజ్‌కు వస్తా ఉండాడు. ఆయన వరసలో నిలబడేది ఎందుకు, రెండూ నాకే ఇచ్చెయ్. గేటు కాడ ఇస్తాను" అన్నాడు.

రూలు కాదు. కానీ ఎన్నిసార్లు జరగలేదు! అందరూ ఒక పేటవాళ్ళు, ఒకే కుళాయి దగ్గర నీళ్ళు పట్టుకునేవాళ్ళు. ముత్యాలప్ప రెండు నంబర్లూ పిలిచాడు. "ఆరువందల పద్నాలుగు, దొడ్డమునియప్ప, వచ్చినాడు" అని గేటు బయటికి వినపడేట్టే పిలిచాడు. రెండు బిళ్ళలూ ఆంజినప్ప చేతిలో పెట్టాడు.

అరగంట తిరక్కముందే నేల అదిరింది. లోపల బండ పగిలింది. కోలారు గనుల్లో అదేమీ వింత కాదు, గిన్నెలు ఒకసారి చప్పుడు చేస్తే అందరూ షాఫ్టు వైపు చూస్తారు, అంతే. ఇంజనీరు పరిగెత్తుకొచ్చి గోడ చూశాడు. పగిలిన వైపు నంబర్లన్నీ ఖాళీ కొక్కేలు.

"అందరూ వచ్చినారా?" అన్నాడు.

"అందరూ వచ్చినారు సార్" అన్నాడు ముత్యాలప్ప.

ఎవరూ లేనిచోట వెతికేదేముంది? మర్నాడు ఆ దారి మూసేయడానికి మనుషుల్ని పంపించారు. పొద్దున్నే ఆంజినప్ప వచ్చాడు. ముఖంలో నెత్తురు లేదు. గేటు దగ్గర దొడ్డమునియప్ప కోసం చూసి చూసి, ఇంటికి పోయుంటాడులే అనుకున్నాడట. పక్క గ్యాంగువాళ్ళేమో అతను తమకంటే ముందే పైకి పోయాడనుకున్నారట. ఇంట్లోనూ లేడు. బిళ్ళను బల్ల మీద పెట్టి, "కొక్కేనికి తగిలించప్పా, తగిలించి చెప్పు" అన్నాడు.

తగిలించి ఉంటే దారి మూసేవాళ్ళు కాదు. తవ్వేవాళ్ళు. బతికున్నాడో లేదో ఆ దేవుడికే తెలియాలి, కానీ తవ్వేవాళ్ళు. ముత్యాలప్ప బిళ్ళ వైపు చూశాడు. ఉద్యోగం కళ్ళ ముందు కనిపించింది, జైలు కూడా కనిపించింది. బిళ్ళ తీసి జేబులో వేసుకుని, "నేను ఆయన చేతికే ఇచ్చినాను. నువ్వూ అట్లే చెప్పు. లేకుంటే ఇద్దరం పోతాం" అన్నాడు. ఆంజినప్ప అట్లే చెప్పాడు. తేలు కుట్టిన దొంగలా పదేళ్ళు తిరిగి, గని దగ్గుతో పోయాడు.

లెక్క ప్రకారం దొడ్డమునియప్ప పైకి వచ్చాడు, కానీ ఇంటికి రాలేదు. అంటే ఏమనుకుంటారు? ఎవతెతోనో లేచిపోయాడన్నారు. అందరికంటే గట్టిగా నమ్మింది అతని భార్య గురువమ్మే. ఎందుకు నమ్మదు? గేటు బయట నిలబడి తన చెవులతో విన్నది గదా, వచ్చినాడని.

ఏడాది గడిచాక ఆమె రెండేళ్ళ కూతురిని చంకనేసుకుని వచ్చి ముత్యాలప్పను అడిగింది. "అప్పా, ఆపొద్దు ఆయప్పను ఆకరికి చూసినోడివి నువ్వే. యాడికి పోతానని ఏమన్నా చెప్పినాడా?" కాలు జారితే తీసుకోవచ్చు, నోరు జారితే తీసుకోలేమని ఊరికే అన్నారా! ఆమె కళ్ళలోకి చూడలేక ముత్యాలప్ప ఏదో ఒకటి చెప్పి పంపించేద్దామనుకున్నాడు. "మొన్న శివరాత్రికి ఆవని జాతరలో చూసినట్టుండాదమ్మా. తెల్లంగి వేసుకోనుండె" అన్నాడు.

అంతే. ఆ ఏటి నుంచి గురువమ్మ ఏ శివరాత్రి తప్పలేదు. ఆవని పోయేవాళ్ళు రామలింగేశ్వరుణ్ణి చూస్తారు, కొండెక్కి సీతమ్మను చూస్తారు. ఈమె తెల్లచొక్కాలు చూస్తుంది. తేరు లాగేవాళ్ళ ముఖాలు, పుట్నాలు అమ్మేవాళ్ళ ముఖాలు, కొండ మెట్ల మీద కూర్చున్న ముసలివాళ్ళ ముఖాలు అన్నీ చూసి, సాయంత్రం బస్సుకు తిట్టుకుంటూ తిరిగొస్తుంది. నుదుట కుంకుమ తియ్యలేదు, చేతి గాజులు తియ్యలేదు. ఫ్లోరా టీచరు బడిలో పిల్లలకు మధ్యాహ్నం అన్నం వండే పని చేస్తూ, కూతురు రత్నను చదివించి వేమగల్ ఫ్యాక్టరీలో పనికి పంపింది.

ఇప్పుడు తెలిసిందా, టీవీ ముందు ఆ మనిషి ఎందుకు లేచి నిలబడ్డాడో? ఏడుగురి కోసం వేలమంది ముళ్ళలో నడిచారని పేపర్లో విన్న రోజు ఆయన అన్నం ముట్టలేదు. ఒక్కడి కోసం ఒక్కడు కూడా ఒక్క అడుగు వెయ్యలేదు, వెయ్యనీకుండా చేసింది తను. పలకకు ఎనిమిదో మేకు రెండువేల నాలుగులోనే కొట్టాడు. "ఇదేందప్పా?" అని ఆర్థర్ అడిగితే "సుమ్మనే, ఊరికే ఉండనీ" అన్నాడు. ప్రతి ఫిబ్రవరి ఒకటినా బిళ్ళను బనీనులోంచి తీయడం, చేతిలో పట్టుకోవడం, మళ్ళీ చుట్టి పెట్టడం. తొమ్మిదేళ్ళు ఆ మేకు ఖాళీగానే ఉంది. పిరికితనం కూడా అలవాటైపోతే నెమ్మదిగానే ఉంటుంది.

పదేళ్ళు నిండిన ఏడు, రెండువేల పదమూడులో, ఫ్లోరా టీచరు ఆ పలకను బడికి తెమ్మంది. పిల్లలకు ఆ ఏడుగురి గురించి చెబుతానని, పేర్లు తాతే పిలవాలని పట్టుబట్టింది. ముత్యాలప్ప ముందురోజు మేకులు సరిచూసుకోవడానికి బడికి వెళ్ళాడు. వరండాలో గురువమ్మ బియ్యం ఏరుతోంది.

"ఏమప్పా, రాకెట్టోళ్ళ తిథా రేపు?" అని నవ్వింది. "శివరాత్రికి ఇంగ నెల పైన ఉండాది. ఈ తూరి మోకాళ్ళు కొండెక్కనిస్తాయో లేదో. రత్న పోవద్దంటాది. ఈ ఒక్క తూరీ పోయొస్తాను. కండ్ల పడితే అడగాల్సింది ఒకటుండాది."

"ఏమడుగుతావమ్మా?"

"ఎసరు పెట్టుకోని కూర్చోనుంటినే, ఒక మాట చెప్పి పోయుండొచ్చు గదా అని."

ముత్యాలప్ప ఇంటికి వచ్చి ఇనప్పెట్టె తెరిచాడు.

మర్నాడు పొద్దున్న ప్రార్థన అయ్యాక పిల్లలందరినీ పెద్ద గదిలో కూర్చోబెట్టారు. ఆర్థర్ ముందు వరసలో కుర్చీ వేసుకున్నాడు. వంటగది తలుపు దగ్గర గురువమ్మ చేతులు కొంగుకు తుడుచుకుంటూ నిలబడింది. ఫ్లోరా ఏడుగురి ఫొటోలు చూపించి, ఎవరు ఏ ఊరివాళ్ళో, ఆకాశంలో ఏం పని చేశారో చెప్పింది. తర్వాత ముత్యాలప్ప ఒక్కో పేరూ పిలిచి, వచ్చినాడనో వచ్చినాదనో చెప్పి, ఒక్కో బిళ్ళా దించాడు. డెబ్బై ఏళ్ళ గొంతయినా కేక ఇంకా కేకే. పిల్లలు చప్పట్లు కొట్టారు.

ముందు వరసలో ప్రిన్సీ అనే పిల్ల చెయ్యెత్తింది. "తాతా, ఇంగొకటి ఉండాది. ఏడుగురే కదా?"

గదిలో అందరూ పలక వైపు చూశారు. ఎనిమిదో మేకుకు ఒక బిళ్ళ ఇంకా వేలాడుతోంది. ముత్యాలప్ప దాని మీద చెయ్యి వేశాడు. పాతికేళ్ళుగా ఎన్నో విధాలుగా అల్లుకున్న మాటలు ఒక్కటీ గుర్తు రాలేదు.

"ఇది వాళ్ళది కాదు పాపా," అన్నాడు. "ఇది మన దొడ్డమునియప్పది. ఆయప్ప పైకి రాలేదు. నేను వచ్చినాడని అబద్ధం పిలిచినాను. బిళ్ళ ఆంజినప్ప చేతికి ఇచ్చినాను. మర్నాడు తెలిసినా కొక్కేనికి తగిలించలేదు. తగిలించుంటే వెతికేవాళ్ళు."

ఆర్థర్ కుర్చీలోంచి సగం లేచి మళ్ళీ కూర్చున్నాడు. ఆరోజు కేజ్ ఎత్తింది ఆయనే. "ఒరే పాపిష్టోడా" అన్నాడు. ఫ్లోరా పిల్లలను బయటికి పంపబోయింది గానీ గురువమ్మ అప్పటికే పిల్లల మధ్యలోంచి నడిచి వస్తోంది. వచ్చి పలక ముందు నిలబడింది.

"ఆవనిలో చూసినానంటివే?"

"అబద్ధమమ్మా."

"తెల్లంగి?"

"అదీ అబద్ధమే."

గురువమ్మ ఏడవలేదు. ఎవరితోనూ కాకుండా తనతో తనే అన్నట్టు మాట్లాడింది. "దినామూ తిట్టినాను. తలుపు తీస్తా తిట్టినాను, తలుపు మూస్తా తిట్టినాను. గుక్కెడు నీళ్ళు దొరక్కుండా సస్తావురా అని తిట్టినాను. ఆయప్ప ఆడ చీకట్లో ఉంటే." ముత్యాలప్ప వైపు తిరిగింది. "మర్నాడు వెతికుంటే బతికుండేవాడా?"

"తెలీదమ్మా" అన్నాడు.

ఆమె చెయ్యి చాచింది. అరచేతికి ఇంకా బియ్యప్పిండి ఉంది. ముత్యాలప్ప మేకుకున్న బిళ్ళను అందుకున్నాడు గానీ చెయ్యి మధ్యలో ఆగిపోయింది. ముప్పై ఒక్క ఏళ్ళ అలవాటు, పాడు అలవాటు.

"ఏం, నంబరున్నోడి చేతికే ఇయ్యాలనా?" అంది గురువమ్మ. "ఆపొద్దు లేని రూలు ఇప్పుడొచ్చినాదా?"

ఆయన బిళ్ళను ఆమె అరచేతిలో పెట్టాడు. ఆమె చెయ్యి మూయలేదు, వెనక్కి తీసుకోనూ లేదు.

"సుమ్మనే ఇస్తావా? పిలిచి ఇయ్యి. ఆపొద్దు పిలిచినావే, నేను గేటు కాడ విని ఇంటికి పోయి ఎసరు పెట్టినాను. ఇప్పుడు ఉండేది ఉండేట్టు పిలువు."

ముత్యాలప్ప గొంతు సవరించుకున్నాడు. "ఆరువందల పద్నాలుగు," అన్నాడు. "దొడ్డమునియప్ప." అక్కడ ఆగాడు. ల్యాంపు రూములో, ఆ గోడ ముందు, అన్ని వేల పేర్లు పిలిచిన నోరు ఆ తర్వాతి మాటను ఎన్నడూ పలకలేదు.

"రాలేదు."

"గేటు కాడికి వినపడలేదు," అంది గురువమ్మ.

ఆయన తల ఎత్తి, రొమ్ము నిండా గాలి తీసుకుని, షాఫ్టు ముందు నిలబడి పిలిచినట్టే మళ్ళీ పిలిచాడు. "ఆరువందల పద్నాలుగు! దొడ్డమునియప్ప! రాలేదు!"

బడి గేటు బయట ఆటోల్లో కూర్చున్నవాళ్ళు తలలు తిప్పి చూశారు. గురువమ్మ గుప్పిట మూసుకుంది.